మంచు మీద మనిషి, పాము పట్టిన పాస్టరు

వెర్నర్ హెర్జోగ్ 1993లో తీసిన 'బెల్స్ ఫ్రమ్ ది డీప్' డాక్యుమెంటరీలో ఒక షాట్ చూసినవాళ్లు తేలిగ్గా మర్చిపోరు. సరస్సు పూర్తిగా గడ్డకట్టింది. ఆ మంచు మీద ఇద్దరు మనుషులు బోర్లా పడుకుని పాకుతూ, అడుగున ఏదో వెతుకుతున్నారు. వాళ్లలో ఒకడు మంచుకు ముఖం ఆనించి అలాగే ఉండిపోతాడు. ఎంతసేపటికీ కదలడు. అంత లోతైన ధ్యానాన్ని ఎక్కడా చూడలేదే అనిపిస్తుంది.

వాళ్లు వెతుకుతున్నది కితెజ్ నగరాన్ని. రష్యాలో నీజ్నీ నోవ్‌గొరొద్ ప్రాంతంలో స్వెత్లొయార్ అనే చిన్న సరస్సు ఉంది. 13వ శతాబ్దంలో మంగోలు సైన్యం మీదికొస్తుంటే ఈ నగరం చెక్కుచెదరకుండా నీళ్లలోకి దిగిపోయిందట. అక్కడి జనం ఇప్పటికీ అడుగున సుఖంగా ఉన్నారట. మనసు నిర్మలంగా ఉన్నవాళ్లకు గంటలు వినిపిస్తాయట. ఈ కథ మీద రిమ్‌స్కీ కోర్సకొవ్ ఆపెరా కూడా రాశాడు, 1907లో అది వేదికెక్కింది. సరస్సు చుట్టూ భక్తులు మోకాళ్ల మీదా పొట్ట మీదా పాకుతూ ప్రదక్షిణ చేస్తారు. పొర్లుదండాలు తెలిసిన మనకు అది వింత కాదు.

తర్వాతి కాలంలో హెర్జోగ్ తనే ఒక సంగతి బయటపెట్టాడు. తాను షూటింగుకు వెళ్లిన సమయానికి అక్కడ భక్తులు లేరు. దగ్గరి ఊళ్లో తాగి ఉన్న ఇద్దరిని కూలికి మాట్లాడి మంచు మీద పడుకోబెట్టాడు. కదలకుండా ఉన్నవాడు ధ్యానంలో లేడు, మత్తులో నిద్రపోయాడు. షాట్ అయ్యాక లేపాల్సి వచ్చింది. దీన్ని హెర్జోగ్ తప్పుగా ఒప్పుకోలేదు, గర్వంగా చెప్పుకున్నాడు. ఆ అబద్ధమే రష్యా ఆత్మను అసలు భక్తులకన్నా బాగా చూపించిందన్నది ఆయన వాదన.

ఈ వాదనను ఊరికే కొట్టిపారేయకూడదు. దాన్ని మరో సినిమా పక్కన పెట్టి చూడాలి. హెర్జోగ్ సినిమాకు 26 ఏళ్ల ముందు, 1967లో, పీటర్ అడేర్ అనే పాతికేళ్లు కూడా నిండని అమెరికా కుర్రాడు 'హోలీ గోస్ట్ పీపుల్' తీశాడు. నిడివి సుమారు 53 నిమిషాలు, నలుపు తెలుపు. వెస్ట్ వర్జీనియాలో స్క్రాబుల్ క్రీక్ అనే చోట ఒక చిన్న పెంతెకొస్తు సంఘం. అక్కడి విశ్వాసులు ఆరాధనలో విషప్పాముల్ని చేత్తో పట్టుకుంటారు. రెండు సినిమాల విషయమూ ఒకటే: బయటివాళ్లకు పిచ్చిగా కనిపించే నమ్మకం, దాన్ని ప్రాణంగా పెట్టుకున్న మనుషులు. రెండూ ఆ మనుషుల్ని వెక్కిరించవు. కానీ ఒకటి చూశాక నమ్మేవాళ్లు గుర్తుంటారు, రెండోది చూశాక హెర్జోగ్ గుర్తుంటాడు. నాకు పట్టింపుగా ఉన్న తేడా అదే.

పాములు పట్టడానికి ఆ సంఘానికి ఆధారం బైబిలే. మార్కు సువార్త 16వ అధ్యాయం చివర్లో, నమ్మినవారి వెంట కొన్ని సూచనలు ఉంటాయని ఉంది. దయ్యాల్ని వెళ్లగొడతారు, కొత్త భాషలు మాట్లాడతారు, పాముల్ని ఎత్తి పట్టుకుంటారు, మరణకరమైనది తాగినా హాని కలగదు. ఆ అధ్యాయంలో ఈ భాగం అతి పాత వ్రాతప్రతుల్లో లేదని బైబిలు పండితులు చెబుతారు. అపలేచియన్ కొండల్లోని బొగ్గుగనుల ఊళ్లకు ఆ చర్చ చేరలేదు, చేరినా పట్టదు. 20వ శతాబ్దం మొదట్లో జార్జ్ వెంట్ హెన్స్‌లీ అనే బోధకుడు ఆ వాక్యాల్ని అక్షరాలా పాటించడం మొదలుపెట్టాడు. అతని బాటలో చాలా చిన్న సంఘాలు పుట్టాయి. 1955లో హెన్స్‌లీ పాముకాటుతోనే పోయాడు. కెంటకీ, టెనెసీ రాష్ట్రాలు 1940లలోనే ఈ ఆచారాన్ని నిషేధించాయి. వెస్ట్ వర్జీనియా నిషేధించలేదు.

అడేర్ కెమెరా పాములు పట్టే ఆరాధన గదిలోకి వెంటనే వెళ్లదు. సినిమా మొదట్లో కొద్దిపాటి వ్యాఖ్యానం వస్తుంది: ఈ ఊరు ఎక్కడుంది, ఈ జనం ఎవరు, ఏం నమ్ముతారు. అది అయ్యాక ఆ గొంతు పక్కకు తప్పుకుంటుంది. సంఘస్థులు కొందరు ఒక్కొక్కరే కూర్చుని తమ అనుభవం చెబుతారు, పరిశుద్ధాత్మ తమ మీదికి వచ్చినప్పుడు ఎలా ఉంటుందో చెబుతారు. మన పెంతెకొస్తు సంఘాల్లో దీన్ని సాక్ష్యం చెప్పడం అంటారు, వాళ్లు చేస్తున్నదీ అదే. తడబడతారు, చెప్పిందే మళ్లీ చెబుతారు, మధ్యలో నవ్వుతారు. ఎవరూ అడ్డురారు. చదువు తక్కువ మనుషులు, తమకు జరిగినదానికి సరిపోయే మాట కోసం వెతుక్కుంటున్నారు. ఆ వెతుకులాట పూర్తిగా చూడనిచ్చాడు అడేర్.

ఆ తర్వాతే ఆరాధన. కోస్తా జిల్లాల్లో పెంతెకొస్తు ప్రార్థనలకు ఒక్కసారి వెళ్లినవాళ్లకైనా ఇందులో చాలావరకు తెలిసిందే. చప్పట్లు, గిటారు, పాట అందుకునే పాస్టరు, ఒకరి తర్వాత ఒకరు లేచి ఊగిపోవడం, అన్యభాషలు, రోగి తల మీద చేతులుంచి ప్రార్థించడం, కానుకలు. పాముల పెట్టె ఒక్కటే కొత్త. అది బయటికొచ్చేసరికి మనం ఆ గదికి అలవాటుపడి ఉంటాం. ఇందాక కూర్చుని మాట్లాడిన మనిషి ఇప్పుడు కళ్లు మూసుకుని వణుకుతుంటే ఎవరో పూనకం వచ్చినామెలా కనిపించదు. ఆమె నెమ్మదిగా ఎలా మాట్లాడుతుందో మనకు తెలుసు. ఈ వరస చాలా ముఖ్యం. అడేర్ ముందు వణుకు చూపించి తర్వాత మాటలు వినిపించి ఉంటే, ఆ మాటలు సంజాయిషీలా వినబడేవి. ముందు మాట విన్నాం కాబట్టి వణుకు ఆ మాటకు కొనసాగింపులా ఉంది.

ఇది కత్తెర పెట్టకుండా చూపిన నిజమని నేననడం లేదు. ఎన్నో గంటల ఆరాధన గంటలోపుకి కుదించబడింది. ఎవరు ముందు మాట్లాడాలో, ఏ ముఖం మీద ఎంతసేపు ఆగాలో అడేరే తేల్చుకున్నాడు. అది కూడా కల్పనే. కానీ అది ఆ గదిలో ఉన్న మనుషులతోనే, వాళ్లు నమ్మినదానితోనే చేసిన కల్పన. ఎవరి విశ్వాసం బదులూ ఇంకెవరినీ కూలికి పెట్టలేదు.

ఈ ఓపిక అతనికి ఎక్కడి నుంచి వచ్చిందో ఊహించడం కష్టం కాదు. తండ్రి జాన్ అడేర్ మానవశాస్త్రవేత్త. కొడుకు స్క్రాబుల్ క్రీక్ సినిమా తీసిన కాలంలోనే, 1966 వేసవిలో, తండ్రి సోల్ వర్త్‌తో కలిసి అరిజోనాలో ఒక ప్రయోగం చేశాడు. నవహో జాతివాళ్ల చేతికే కెమెరాలిచ్చి, మీ లోకాన్ని మీరే తీయండన్నాడు. అవతలివాళ్ల గురించి మనం మాట్లాడే ముందు వాళ్లు తమ గురించి ఏమంటారో వినాలన్న పట్టుదల ఆ ఇంట్లో ఉంది. కొడుకు దాన్ని తన తర్వాతి సినిమాల్లోనూ వదల్లేదు. 1977లో సహచరులతో కలిసి తీసిన 'వర్డ్ ఈజ్ అవుట్'లో 26 మంది స్వలింగ ప్రేమికులు కెమెరా ముందు కూర్చుని తమ బతుకులు చెప్పుకుంటారు. అడేర్ తనూ స్వలింగ ప్రేమికుడే. 1991లో తీసిన 'అబ్సల్యూట్లీ పాజిటివ్' హెచ్‌ఐవీ సోకినవాళ్ల మాటలు, తన మాటలతో సహా. 1996లో ఎయిడ్స్‌తోనే చనిపోయాడు. లోకం వింతగా చూసే మనుషుల ఎదుట కుర్చీ వేసుకుని కూర్చోవడం అతని జీవితమంతా సాగిన పని. పాములు పట్టే సంఘం దానికి మొదటి మెట్టు. మానవశాస్త్రవేత్త మార్గరెట్ మీడ్ 'హోలీ గోస్ట్ పీపుల్'ని ఎంతో మెచ్చుకుంది. ఆ రంగంలో ఇంతకన్నా మంచి సినిమాలు చాలా తక్కువ వచ్చాయని నాకూ అనిపిస్తుంది.

హెర్జోగ్ దగ్గరికి వద్దాం. 'బెల్స్ ఫ్రమ్ ది డీప్' ఒక ఊరికో ఒక సంఘానికో కట్టుబడదు. సోవియట్ రాజ్యం కూలిన కొత్తలో తీసింది. 70 ఏళ్లు అణిచిపెట్టిన భక్తి ఒక్కసారిగా ఎన్ని రూపాల్లో బయటికొచ్చిందో చూడాలని సైబీరియా దాకా తిరిగాడు. గొంతులోంచి రెండు స్వరాలు ఒకేసారి పలికించే తువా గాయకులు, హాలు నిండా జనాన్ని కూర్చోబెట్టి శక్తి ప్రసారం చేస్తానని చేతులూపే వైద్యుడు, మంత్రగాళ్లు, యాత్రికులు. ఒక్కొక్కరి దగ్గర కొంచెంసేపు ఆగి ముందుకెళ్లిపోతాడు. వైద్యుడి సన్నివేశాలు నన్ను పెద్దగా కదిలించలేదు. అలాంటి హాళ్లు ఏ దేశంలోనైనా ఒకేలా ఉంటాయి, హెర్జోగ్ వాటిలో కొత్తగా ఏమీ చూడలేదు.

కానీ గంటలు కొట్టే యూరీ దగ్గర ఆయన నిజంగా గొప్పవాడు. యూరీ ఒకప్పుడు సినిమా హాల్లో ప్రొజెక్టర్ ఆపరేటరు. చిన్నప్పుడే తల్లిదండ్రుల నుంచి తప్పిపోయి అనాథాశ్రమానికి చేరాడు. నీ పేరేంటంటే యూరీ అన్నాడు. తండ్రి పేరేంటంటే యూరీ అన్నాడు. ఇంటిపేరేంటన్నా ఆ పసివాడికి తెలిసింది ఆ ఒక్క మాటే. అందుకని కాగితాల్లో మూడుసార్లూ అదే పేరు రాశారు, యూరీ యూర్యెవిచ్ యూర్యెవ్ అని. ఇది చెప్పి అతను గుడి గంటల దగ్గర నిలబడతాడు. తాళ్లు చేతులకు చుట్టుకుని, ఒళ్లంతా కదిలిస్తూ కొడతాడు. హెర్జోగ్ ఆ షాట్‌ని తొందరగా కోసేయడు. పెద్ద గంట మోగుతుంటే దాని మీద చిన్న గంటలు పరుగులు తీస్తాయి. మనిషి ముఖంలో శ్రమ తప్ప భక్తి అని ప్రత్యేకంగా పేరు పెట్టగలిగింది ఏమీ ఉండదు. పేరు కూడా పూర్తిగా తనది కాని మనిషికి ఈ చప్పుడు ఎందుకు కావాలో ఎవరూ వివరించరు, వివరించాల్సిన పనీ లేదు. ఇక్కడ హెర్జోగ్ ఏదీ కల్పించలేదు. అడేర్‌లాగే ముందు మాట విన్నాడు, తర్వాత పని చూశాడు. ఆ సినిమా మొత్తంలో నాకు మళ్లీ మళ్లీ చూడాలనిపించే భాగం ఇదే.

ఇంత చేయగలిగినవాడికి మంచు మీద తాగుబోతులు ఎందుకు అవసరమయ్యారు? 1999లో మినియాపొలిస్‌లోని వాకర్ ఆర్ట్ సెంటర్‌లో హెర్జోగ్ తన సిద్ధాంతాన్ని ఒక ప్రకటనగా చదివాడు. దాన్నే మినెసోటా ప్రకటన అంటారు. ఉన్నది ఉన్నట్టు తీస్తామనే పద్ధతి లెక్కలు రాసుకునే గుమస్తా నిజాన్నే అందుకుంటుందనీ, సినిమాకు అందవలసిన లోతైన నిజం, పారవశ్య సత్యం, వేరే ఉందనీ, కల్పన ద్వారానే, ఊహ ద్వారానే అక్కడికి వెళ్లగలమనీ అందులో వాదించాడు.

ఈ మాట అన్నవాడు నమ్మకాన్ని బయటినుంచి చూసే మనిషైతే నాకు ఇంత ఆలోచన ఉండేది కాదు. 1974 చలికాలంలో ఆయన ఏం చేశాడో చూడండి. సినిమా చరిత్రకారిణి లోటె ఐస్నర్ పారిస్‌లో చావుబతుకుల్లో ఉందని కబురొచ్చింది. జర్మన్ సినిమాకు ఆమె పెద్దదిక్కు. ఆమె పోకూడదు, తాను నడిచి వెళితే ఆమె బతుకుతుందని హెర్జోగ్ తీర్మానించుకున్నాడు. మ్యూనిక్ నుంచి పారిస్‌కు, చలిలో, వానలో, మంచులో నడిచాడు. దార్లో రాసుకున్న డైరీ తర్వాత పుస్తకంగా వచ్చింది. ఐస్నర్ 1983 దాకా బతికింది. ఈ పని చేసినవాడికి మొక్కు అంటే ఏమిటో మనం నేర్పక్కర్లేదు. కాలినడకన కొండెక్కేవాళ్లకు, ఇంట్లో ఒకరి ప్రాణం కోసం పొర్లుదండాలు పెట్టేవాళ్లకు ఆయన దగ్గరివాడు.

సరిగ్గా అందుకే ఆ షాట్ నన్ను బాధపెడుతుంది. తనే మొక్కుకుని నడిచినవాడు ఇంకొకళ్ల మొక్కుని నటింపజేశాడు. స్వెత్లొయార్ భక్తులు ఊహాజీవులు కారు. వాళ్లున్నారు, వాళ్ల సమయానికి వస్తారు. చలికాలంలో లేరు కాబట్టి వేసవిలో రావాల్సింది. లేదా ఖాళీ మంచునే చూపించి, భక్తులు లేని చోట ఆ కథ ఎలా మోగుతుందో వినిపించాల్సింది. హెర్జోగ్‌కు కావలసింది మాత్రం భక్తుల నమ్మకం కాదు, ఆ నమ్మకానికి ఒక బొమ్మ. బొమ్మ అద్భుతంగా కుదిరింది, ఒప్పుకుంటాను. ఆ ఒప్పుకోలుతో పాటే ఇంకో ప్రశ్న అడగాలి. మంచు మీద నిద్రపోయిన ఆ మనిషి ఎవరు? కుటుంబం ఉందా, ఎందుకు తాగుతున్నాడు, దేవుణ్ణి నమ్ముతాడా? అతని నమ్మకమో అపనమ్మకమో సినిమాకు అక్కర్లేకపోయింది. అతని ఒళ్లు మాత్రం కావలసి వచ్చింది. నమ్మకం గురించి తీసిన సినిమాలో ఒక మనిషికి జరగకూడని అన్యాయం అదే. రష్యా ఆత్మ అనే మాట ఎంత పెద్దదైనా ఆ మనిషికి జవాబు కాలేదు.

కల్పన లేకుండా ఆ లోతుకు వెళ్లలేమన్న వాదనకు హెర్జోగే పదేళ్ల తర్వాత జవాబు తీశాడు. ఆ సినిమా 'వీల్ ఆఫ్ టైమ్', 2003లో వచ్చింది. 2002 జనవరిలో బోధ్‌గయలో దలైలామా కాలచక్ర దీక్ష ఇవ్వాల్సి ఉంది. లక్షల మంది వచ్చారు. దలైలామాకు ఒంట్లో బాగాలేక దీక్ష ఆగిపోయింది. అదే ఏడాది శరత్కాలంలో ఆస్ట్రియాలోని గ్రాజ్‌లో జరిగింది. హెర్జోగ్ రెండు చోట్లా, మధ్యలో కైలాస పర్వత ప్రదక్షిణలోనూ కెమెరాతో ఉన్నాడు. తెలుగువాళ్లకు ఈ దీక్షతో ఉన్న సంబంధం చిన్నది కాదు. బుద్ధుడు కాలచక్రాన్ని మొదట ధాన్యకటకంలోనే, అంటే మన అమరావతిలోనే, బోధించాడని టిబెట్ సంప్రదాయం నమ్ముతుంది. 2006 జనవరిలో దలైలామా అమరావతికి వచ్చి అదే దీక్ష ఇచ్చాడు. కృష్ణ ఒడ్డున ఎర్రటి వస్త్రాల భిక్షువులు నిండిపోయిన ఆ రోజులు గుంటూరు, విజయవాడ వాళ్లకు ఇంకా గుర్తే.

'వీల్ ఆఫ్ టైమ్'లో ఒక భిక్షువు ఉన్నాడు. టిబెట్‌లోని తన ప్రాంతం నుంచి బోధ్‌గయ దాకా, మూడు వేల కిలోమీటర్లకు పైగా, అడుగడుగునా సాష్టాంగపడుతూ వచ్చాడు. మూడున్నరేళ్లు పట్టింది. ఒళ్లంతా నేలకు పరిచి, లేచి, మళ్లీ పరిచి. అరచేతులు చిట్లకుండా చెక్కలు కట్టుకున్నాడు. అయినా నుదురు నేలకు తగిలి తగిలి అక్కడ చర్మం గట్టిపడి కాయ కాసింది. హెర్జోగ్ కెమెరా ఆ నుదుటి దగ్గరికి వెళ్లి ఆగుతుంది. అంతకుమించి ఏమీ చేయదు. ఆ కాయ ఒక్కటే చాలు, మంచు మీది బొమ్మకన్నా వెయ్యి రెట్లు ఎక్కువ చెబుతుంది. భూమి ఎంత పొడుగో ఒంటితో కొలిచి చూసినవాడు ఎదురుగా కూర్చుని నెమ్మదిగా మాట్లాడుతున్నాడు. ఇక్కడ దర్శకుడు ఊహించి తీయాల్సింది ఏదీ మిగలలేదు. పాతికేళ్లుగా హెర్జోగ్ వెతుకుతున్న ఆ పారవశ్య సత్యం అతని నుదుటి మీదే ఉంది. వేచి ఉంటే దొరుకుతుంది, భక్తుల దగ్గరే దొరుకుతుంది. స్వెత్లొయార్ దగ్గర హెర్జోగ్‌కు ఊహాశక్తి నిండుగానే ఉంది. వేసవిదాకా ఆగే ఓపికే లేకపోయింది.

ఇంతవరకు చెప్పినది చూసి, ఈ వ్యాసం అడేర్‌ని పైకెత్తి హెర్జోగ్‌ని తగ్గిస్తోందని అనుకోవచ్చు. మంచు షాట్ విషయంలో అది నిజమే. ఇంకో విషయంలో మాత్రం ఇద్దరినీ ఒకే బోనులో నిలబెట్టాలి. వింత నమ్మకాలు అన్నీ గంటలు కొట్టడం దగ్గర ఆగవు, మనుషుల్ని గాయపరిచేవి ఉన్నాయి.

'బెల్స్ ఫ్రమ్ ది డీప్'లో పొడుగు జుట్టు, గడ్డంతో ఒక ప్రశాంతమైన మనిషి కనిపిస్తాడు. పేరు సెర్గేయ్ తొరొప్. సైబీరియాలోని మినూసిన్స్క్‌లో ట్రాఫిక్ పోలీసుగా పనిచేసేవాడు. 1990ల మొదట్లో తాను మళ్లీ వచ్చిన క్రీస్తునని ప్రకటించి విస్సారియోన్ అయ్యాడు. హెర్జోగ్ అతన్ని మాట్లాడనిస్తాడు, చూసేవాళ్లను ఆశీర్వదించనిస్తాడు. ఎదురు ప్రశ్న లేదు. ఆ తర్వాత వేలమంది ఉద్యోగాలు, ఇళ్లు వదిలి అడవిలో అతని చుట్టూ ఊళ్లు కట్టుకున్నారు. 2020 సెప్టెంబరులో రష్యా భద్రతా దళాలు హెలికాప్టర్లలో దిగి అతన్నీ, ఇద్దరు సహచరుల్నీ అరెస్టు చేశాయి. అనుచరుల ఆరోగ్యానికి, ఆస్తులకు నష్టం కలిగించారన్నది అభియోగం. 2025లో కోర్టు అతనికి 12 ఏళ్ల శిక్ష వేసింది. రష్యా ప్రభుత్వం ఏ మత సంఘం మీద ఎందుకు చేయి వేస్తుందో జాగ్రత్తగా చూడాల్సిందే, అక్కడి కోర్టు తీర్పుని కళ్లుమూసుకుని నెత్తిన పెట్టుకోనక్కర్లేదు. ఆ జాగ్రత్త అంతా తీసుకున్నాక కూడా 1993 నాటి ఆ సన్నివేశం ఇవాళ ఇబ్బంది పెడుతుంది. తర్వాత జరగబోయేది హెర్జోగ్‌కు తెలియాలని అనను. పక్కన ఉన్నవాళ్లలో ఒక్కరినైనా కూర్చోబెట్టి, నువ్వు ఏం వదిలి వచ్చావమ్మా అని అడిగి ఉండాల్సింది. స్క్రాబుల్ క్రీక్‌లో అడేర్ మొదట చేసింది ఆ పనే కదా. క్రీస్తునన్నవాడి ముఖం కన్నా, అతన్ని క్రీస్తనుకున్న ఆమె ముఖం నాకు ఎక్కువ చెప్పేది.

అడేర్ పాస్టరుని ప్రశ్నించాడా? లేదు. అతని సినిమాలో ప్రశ్న అడిగింది పాము. ఆరాధన చివరికొస్తుంది. పాట తగ్గింది, ఆవేశం కొంచెం చల్లబడింది. పాస్టరు చేతిలో పాముంది. అది కరుస్తుంది. ఎవరూ కేకలు పెట్టరు. పాస్టరు ఆ చెయ్యి సంఘానికి చూపిస్తాడు, అక్కడ రక్తం కనిపిస్తుంది. మనం చూస్తుండగానే చెయ్యి వాస్తుంది. ఆయన మాట్లాడుతూనే ఉంటాడు. ముఖంలో భయమూ ఉంది, భయాన్ని ఒప్పుకోకూడదన్న పట్టుదలా ఉంది. రెండింటినీ విడదీసి చూడలేం. సినిమాలో అప్పటిదాకా విన్న సాక్ష్యాలన్నిటి బరువూ ఆ చేతి మీదికి వస్తుంది. దేవుడు కాపాడతాడన్న మాట ఎదుట ఇప్పుడు వాచిన చెయ్యి ఉంది. అడేర్ వ్యాఖ్యానం మళ్లీ మొదలుపెట్టి మనకు దారి చూపించడు. 1955లో దర్శకుడు జాఁ రూష్ ఆఫ్రికాలో పూనకాల గురించి 'లే మేత్ర్ ఫూ' తీసినప్పుడు, నోటి నురగ మీద, కంపిస్తున్న ఒళ్ల మీద తన గొంతుతో వివరణ పరిచాడు. చూసేవాడికి ఆ మనుషులకన్నా ఆ వివరణే ఎక్కువ వినబడింది. అడేర్ ఆ పని చేయకపోవడం వల్ల ఆ కొన్ని నిమిషాలు ఆ గదిలో ఉన్నవాళ్లతో పాటు మనమూ ఉంటాం. నమ్మినవాళ్లకు ఆ కాటు ఒక పరీక్ష, నమ్మనివాళ్లకు జవాబు. రెండు అర్థాలకూ చోటుంది.

ఈ నిగ్రహాన్ని ఎంత గౌరవించినా ఒక ఫిర్యాదు మిగిలే ఉంది. ఆ చెయ్యి చూపించి సినిమా ఆగిపోతుంది. ఆ రాత్రి ఏమైంది, డాక్టరు దగ్గరికి వెళ్లారా, మర్నాడు ఆ ఇంట్లో ఎవరు ఏమనుకున్నారు, సినిమా చెప్పదు. మొదటి సగంలో మనుషుల ఇంటి మాట అంత శ్రద్ధగా విన్నవాడు, అసలు అవసరమైన సమయంలో గది వదిలి వెళ్లిపోయాడు. ముగింపుగా అది బలంగా ఉంది, సందేహం లేదు. కానీ ఆ బలం పాస్టరు చేతి నుంచి తీసుకున్నది. ఆ మనిషి ఇల్లూ, ఆ ఇంట్లో భార్యాపిల్లలున్నారేమో అన్న ప్రశ్నా ఫ్రేము బయటే ఉండిపోయాయి. మర్నాడు అదే గదికి తిరిగి వెళ్లి, ముందు సాక్ష్యం చెప్పినవాళ్లనే మళ్లీ అదే కుర్చీలో కూర్చోబెట్టి, ఇప్పుడేమంటారు అని అడిగి ఉంటే ఆ సినిమా ఇంకా గొప్పదయ్యేది. వాళ్లు నమ్మకం వదులుకునేవారు కారని నా అనుకోలు. అయినా ఆ జవాబులు వాళ్ల నోటితో రావాలి, నా ఊహలోంచి కాదు.